పాల కేంద్రం యాప్‌కి మాన్యువల్ టెస్టింగ్: 9 వారాల డైరీ

పాల సేకరణ కేంద్రాల్లో వాడే ఒక ఆండ్రాయిడ్ యాప్‌ని 9 వారాలు మాన్యువల్‌గా, అంటే చేత్తో వాడి చూస్తూ, టెస్ట్ చేశాను. ఆ లెక్క ఇది. రైతులు పాలు పోస్తారు, మిషన్ వెన్న శాతం చూపిస్తుంది, యాప్ రేటు కట్టి చీటీ ఇస్తుంది, 10 రోజులకోసారి బిల్లు వేస్తుంది. డెవలపర్లు ఇద్దరు, ఒకరు ఫోన్ వైపు, ఒకరు సర్వర్ వైపు. టెస్టర్‌ని నేనొక్కదాన్నే. ఇలాంటి చిన్న టీముల్లో ఉన్నవాళ్లు ఈ స్టెప్పులు యథాతథంగా వాడుకోవచ్చు. మొదటి రెండు వారాలు నేను చేసినట్టు మాత్రం చేయకండి.

నా దగ్గరున్న సామాను: 2 జీబీ ర్యామ్ ఉన్న పాత ఫోన్ ఒకటి, కొత్త ఫోన్ ఒకటి, 58 మిల్లీమీటర్ల బ్లూటూత్ థర్మల్ ప్రింటర్, క్యాలిక్యులేటర్, 200 పేజీల నోట్‌బుక్, ఒక షీట్, స్క్రీన్ రికార్డర్, లాగ్ (ఫోన్ లోపల ఏం జరిగిందో రాసి ఉండే ఫైల్) తీయడానికి యూఎస్‌బీ కేబుల్. మూడో వారం నుంచి ఒక గిన్నెడు నీళ్లు కూడా.

దశ 1: కాగితం మీద కేసులు (1, 2 వారాలు)

రిక్వైర్‌మెంట్ డాక్యుమెంట్ (యాప్ ఏం చేయాలో రాసినది) ముందు పెట్టుకుని ఒక్కో వాక్యానికి టెస్ట్ కేసులు, అంటే ఏం ఇస్తే ఏం రావాలి అన్న పరీక్షలు, రాశాను. "వెన్న శాతం 3 నుంచి 12 మధ్య ఉండాలి" అని ఉంటే 2.9, 3.0, 3.1, 11.9, 12.0, 12.1 వేసి చూశాను. అన్నీ పాస్. రైతు కోడ్, లీటర్లు, లాగిన్, బిల్లు అన్నిటికీ ఇదే వరస. 186 కేసులు రాస్తే 7 బగ్‌లు (యాప్‌లో తప్పులు) దొరికాయి. అందులో 5 అక్షర దోషాలు, రంగులు.

తప్పు ఎక్కడ జరిగిందో కాస్త ఆలస్యంగా అర్థమైంది. డెవలపర్ ఏ పేజీ చదివి కోడ్ రాశాడో అదే పేజీ చదివి నేను కేసులు రాశాను. అతనికి తట్టినవే నాకూ తట్టాయి. ఆ పేజీలో లేనిది ఇద్దరికీ కనపడలేదు. పైగా అతను రాసిన యూనిట్ టెస్టులు (కోడ్‌లో ఒక్కో ముక్కని యంత్రమే సరిచూసే చిన్న పరీక్షలు) అవే హద్దుల్ని రోజూ చూస్తున్నాయి. యంత్రం ఒక సెకనులో చేసే పనికి నేను రెండు వారాలు పెట్టాను.

ఆ 7 బగ్‌లలో 3 "మా దగ్గర రావట్లేదు" అని తిరిగొచ్చాయి. అది నా రిపోర్టుల తప్పే. ఏ బిల్డ్ (డెవలపర్లు తయారుచేసి ఇచ్చే యాప్ ప్రతి), ఏ ఫోన్ అని కూడా రాయలేదు. ఆ రోజు నుంచి ప్రతి బగ్ ఇలా రాశాను:

1. బిల్డ్ నంబర్, ఫోన్ మోడల్, ఆండ్రాయిడ్ వెర్షన్.
2. మొదలుపెట్టేటప్పుడు పరిస్థితి: నెట్ ఉందా లేదా, లిస్టులో ఎంతమంది రైతులు, ఉదయం పూటా సాయంత్రం పూటా.
3. స్టెప్పులు. ఒక స్టెప్పులో ఒక్క పని మాత్రమే.
4. ఏం రావాలి, ఏం వచ్చింది. రెండూ అంకెల్లో.
5. 5 సార్లు చేస్తే ఎన్నిసార్లు వచ్చింది.
6. 30 సెకన్ల లోపు వీడియో.

ఇది మొదలుపెట్టాక 9 వారాలు పూర్తయ్యేదాకా ఒక్క బగ్ కూడా అలా వెనక్కి రాలేదు.

ఇప్పటిదాకా: 58 గంటలు, 186 కేసులు, 7 బగ్‌లు.

దశ 2: కేంద్రంలో రెండు రోజులు (3వ వారం)

విజయవాడ నుంచి నూజివీడు వైపు ఒక ఊరికి వెళ్లాను. రాత్రి అక్కడే ఉండి తెల్లవారి 5:40కి పాల కేంద్రం దగ్గరున్నాను. సెక్రటరీ గారు పెద్దాయన. మొదటి రోజు నేను ఫోన్ ముట్టుకోలేదు. పక్కన కూర్చుని స్టాప్‌వాచ్ పెట్టుకుని రాసుకున్నాను, అంతే.

ఆ పూట వచ్చింది 64 మంది. సమయం 6 నుంచి 7:30 వరకు. అంటే ఒక్కొక్కరికి 84 సెకన్లు. ఆ 84 సెకన్లలోనే పాలు కొలవాలి, శాంపిల్ తీయాలి, మిషన్‌లో పెట్టాలి, అంకె చూడాలి, రాయాలి. నోట్‌బుక్‌లో రాయడానికి ఆయనకి సగటున 15 సెకన్లు పట్టింది. మా యాప్‌లో, పాత ఫోన్ మీద, 10 మందికి కొలిస్తే సగటు 41 సెకన్లు. ఆఫీసులో "యాప్ బాగానే స్పీడ్‌గా ఉంది" అని టిక్ పెట్టిన కేసు ఇదే.

"అమ్మాయ్, వెనక క్యూ చూడు. ఆ గుండ్రం తిరిగేదాకా ఆగితే పాలు విరుగుతాయి" అన్నారు సెక్రటరీ గారు. ఆగకుండా సేవ్ బటన్ మళ్లీ నొక్కారు. ఒకే రైతుకి రెండు ఎంట్రీలు పడ్డాయి.

రెండో రోజు ఇంకోటి దొరికింది. ఆయన కుడి చెయ్యి ఎప్పుడూ తడిగానే ఉంటుంది. కొలత పాత్ర ముంచిన చెయ్యి, తుండుతో ఒక్కసారి తుడుచుకుని ఆ బొటనవేలితోనే స్క్రీన్ నొక్కుతారు. తడి వేలికి 4 ఒకసారి నొక్కితే రెండుసార్లు పడింది. 4.3 లీటర్లు 44.3 అయింది. లీటర్ల హద్దు డాక్యుమెంట్ ప్రకారం 100 కాబట్టి యాప్ ఏమీ అనలేదు. 234 రూపాయల చీటీ 2,419 రూపాయలకి వచ్చింది. పాలు పోసిన ఆవిడ నాలుగడుగులు వేసి, చీటీ చూసుకుని వెనక్కి వచ్చింది. "ఇది నాది కాదు బాబాయ్, ఎవరిదో ఇచ్చావ్" అంది. ఆవిడ తిరిగి రాకపోతే ఆ తప్పు 10 రోజుల తర్వాత బిల్లులో బయటపడేది. సంజాయిషీ చెప్పుకోవాల్సింది సెక్రటరీ గారే.

మార్చినవి, ఎందుకు మార్చామో:

1. సేవ్ నొక్కగానే బటన్ ఆగిపోతుంది. ప్రతి ఎంట్రీకి ఫోన్‌లోనే ఒక ప్రత్యేక సంఖ్య పుడుతుంది. అదే సంఖ్య మళ్లీ వస్తే సర్వర్ తీసుకోదు. బటన్ ఒక్కటే ఆపితే సరిపోదు, ఎందుకంటే నెట్ పోయి వచ్చినప్పుడు ఫోన్ తనంతట తానే రెండోసారి పంపుతుంది.
2. 100 లీటర్ల హద్దు ఉంచాం. దానికి తోడు ఆ రైతు గత 10 పూటల సగటుకి రెట్టింపు దాటితే "44.3 లీటర్లా?" అని పెద్ద అక్షరాల్లో అడుగుతుంది.
3. సాయంత్రం ఎండ ఎదురుగా పడేచోట లేత ఆకుపచ్చ అంకెలు కనపడలేదు. తెలుపు మీద నలుపు చేశాం.

ఆఫీసులో తడి చెయ్యి పరీక్ష ఇలా చేయండి:

1. గిన్నెలో నీళ్లు పెట్టుకోండి. బొటనవేలు ముంచండి, ఒక్కసారి మాత్రమే తుడవండి.
2. 4.3, 5.5, 11.2 ఒక్కోటి 10 సార్లు కొట్టండి.
3. తప్పు పడినవి లెక్కపెట్టండి. నా పాత ఫోన్ మీద 30లో 4 తప్పు పడ్డాయి, కొత్తదాని మీద 1.
4. అంకెల బటన్లు పెద్దవి చేయించి మళ్లీ 30 కొట్టండి. నాకు పాతదాని మీద 1కి తగ్గింది.

ఇప్పటిదాకా: 72 గంటలు, 18 బగ్‌లు. ఈ దశలో 14 గంటలకి 11 దొరికాయి.

దశ 3: పైసల లెక్క, పూట లెక్క (4, 5 వారాలు)

కేంద్రం నుంచి వాడేసిన చీటీలు ఒక కట్ట తెచ్చుకున్నాను. ఒక రైతుకి 10 రోజుల్లో 20 చీటీలు. వాటిని క్యాలిక్యులేటర్ మీద కూడితే బిల్లుతో కలవలేదు. తేడా పైసల్లోనే ఉంది, కానీ 64 మందిలో 50 మందికి పైగా ఉంది.

ఒక్క ఎంట్రీ తీసుకుని చూపిస్తాను. అక్కడ గేదె పాలకి వెన్న మీదే రేటు. లీటరు రేటు అంటే వెన్న శాతాన్ని 8.15తో గుణించాలి. పాలు 4.3 లీటర్లు, వెన్న 6.7.

ఫోన్: 6.7ని 8.15తో గుణిస్తే 54.605. దాన్ని 54.61కి సవరించి 4.3తో గుణిస్తుంది. చీటీ మీద 234.82.
సర్వర్: 54.605ని అలాగే ఉంచి 4.3తో గుణించి చివర్లో సవరిస్తుంది. బిల్లులో 234.80.
సెక్రటరీ గారి రేట్ల చార్టు: మూడో దశాంశం వదిలేసి 54.60. నోట్‌బుక్‌లో 234.78.

మూడు చోట్ల మూడు అంకెలు. ఫోన్ వైపు యూనిట్ టెస్టులు ఫోన్ డెవలపర్ రాశాడు, అన్నీ పాస్. సర్వర్ వైపువి సర్వర్ డెవలపర్ రాశాడు, అన్నీ పాస్. ఎవరి లెక్క వాళ్లకి సరైనదే. రైతు చేతిలో చీటీనీ బిల్లునీ పక్కపక్కన పెట్టి చూసే టెస్టు మాత్రం ఎవరూ రాయలేదు. రైతు చేసే పని అదే. ఇంటి గోడకి మేకు కొట్టి చీటీలన్నీ గుచ్చి ఉంచుకుంటారు, బిల్లు రోజున తీసి కూడుకుంటారు.

ముగ్గుర్నీ ఒక ఫోన్ కాల్‌లో కూర్చోబెడితే 20 నిమిషాల్లో తేలింది. రైతులు ఏళ్ల తరబడి చూస్తున్నది చార్టు కాబట్టి చార్టు పద్ధతే అందరికీ. కోడ్ మార్చి, పాత బిల్లులు సరిచూడటానికి డెవలపర్లకి మూడు రోజులు పట్టింది. ఈ ప్రశ్న మొదటి మీటింగులోనే అడగొచ్చు, దానికి కోడ్ పుట్టి ఉండక్కర్లేదు. కోడ్ అయ్యాక టెస్టర్‌ని పిలిచే పద్ధతి మీద నాకున్న అభ్యంతరం ఇదే. ఇప్పుడు కొత్త ఫీచర్ మాట్లాడుకునేటప్పుడు నేనూ కూర్చుంటున్నాను. ఒక ఉదాహరణ అంకెల్లో చివరిదాకా కట్టించి, అందరూ సరే అన్నాకే లేస్తున్నాను.

రెండో సంగతి పూట. సాయంత్రం నెట్ లేకుండా చేసిన ఎంట్రీలు తెల్లారి నెట్ వచ్చాక సర్వర్‌కి చేరాయి. సర్వర్ తనకి అందిన సమయం చూసుకుని వాటిని ఉదయం పూటలో వేసింది. ఉదయం అదే రైతు మళ్లీ పోస్తే ఒక పూటలో రెండు ఎంట్రీలు, సాయంత్రం ఖాళీ. మా ఆటోమేటెడ్ టెస్టులన్నీ (యంత్రం తనంతట తాను నడిపేవి) నెట్ ఉన్న కంప్యూటర్ మీదే నడుస్తాయి కాబట్టి వాటికి ఇది దొరకలేదు. ఫోన్ సమయాన్నే నమ్ముదామంటే, బ్యాటరీ పూర్తిగా అయిపోయి లేచిన పాత ఫోన్ ఒకసారి తప్పు తేదీ చూపించింది. చివరికి ఎంట్రీతో పాటు ఫోన్ సమయం, పూట రెండూ దాచాం. పూటని సెక్రటరీ గారు మొదట్లో ఒక్కసారి ఎంచుకుంటారు. తేదీ కిందటి పూట కంటే వెనక్కి ఉంటే యాప్ ముందుకి కదలదు.

ఇప్పటిదాకా: 118 గంటలు, 27 బగ్‌లు.

దశ 4: తెలుగు పేర్లు (6వ వారం)

ఈ వారం నాకు అన్నిటికంటే ముఖ్యమనిపించింది. ఇంగ్లిషు పేర్లతో టెస్ట్ చేసి తెలుగు యాప్ సరిగ్గా ఉందనుకోవడం మన దగ్గర మామూలైపోయింది. లిస్టులో నేను కూడా మొదట "టెస్ట్ 1, టెస్ట్ 2" అనే పెట్టాను. వాటిని తీసేసి ఊళ్లలో ఉండే తరహా పేర్లు 120 చేర్చాను.

చీటీలో పేరుకి 10 క్యారెక్టర్లు ఇచ్చారు. "వెంకటలక్ష్మి" మన కంటికి 5 అక్షరాలు: వెం, క, ట, ల, క్ష్మి. కంప్యూటర్‌కి 12 యూనికోడ్ సంకేతాలు, ఎందుకంటే గుణింతం, సున్నా, వత్తుకి ముందు వచ్చే పొల్లు అన్నీ విడివిడి లెక్క. పదో సంకేతం దగ్గర కోసేసరికి చీటీ మీద "వెంకటలక్ష్" అని వచ్చింది. పేరు నరికేసినట్టు ఉంది. ఎవరి చేతికైనా అలాంటి చీటీ ఇవ్వడం నాకు మనస్కరించలేదు. దీన్ని సివియారిటీ (తీవ్రత) తక్కువ అని పెడితే ఒప్పుకోలేదు, మార్చించాను. ఇప్పుడు పూర్తి అక్షరం దగ్గరే ఆగుతుంది, పట్టకపోతే రెండో లైనుకి వెళ్తుంది.

తర్వాత వెతకడం. "రహీమ్" అని కొడితే ఉన్న మనిషి దొరకలేదు. కొత్తగా చేర్చబోతే చేరిపోయాడు. లిస్టులో ఇద్దరు రహీమ్‌లు, అచ్చు ఒకేలా. లాగ్ తీసి చూస్తే ఒక పేరు చివర కంటికి కనపడని ఒక సంకేతం ఉంది: జెడ్‌డబ్ల్యూఎన్‌జే (జీరో విడ్త్ నాన్ జాయినర్). పొల్లు అక్షరం తర్వాతి హల్లుతో కలిసిపోకుండా ఆపడానికి కొన్ని కీబోర్డులు దాన్ని తామే చేరుస్తాయి. "యూనికోడ్ నార్మలైజేషన్ పెట్టాను అక్కా, అయిపోయింది" అని డెవలపర్ మూసేశాడు. మళ్లీ చేస్తే మళ్లీ ఇద్దరు రహీమ్‌లు. నార్మలైజేషన్ అంటే ఒకే అక్షరాన్ని వేర్వేరు సంకేతాలతో రాస్తే ఒకే రూపానికి తేవడం. అది ఈ సంకేతాన్ని తీసేయదు. వెతికేటప్పుడు, పోల్చేటప్పుడు దాన్ని వదిలేయమని విడిగా రాయాలి. చూపించేటప్పుడు మాత్రం ఉంచాలి, లేకపోతే "రాజ్‌కుమార్" కాస్తా "రాజ్కుమార్" అయిపోతుంది.

ఈ కనపడని సంకేతాన్ని చిన్నదిగా చూడకండి. 2018 ఫిబ్రవరిలో ఐఫోన్లని కూల్చిన తెలుగు అక్షరం గుర్తుందా? జ కింద ఞ వత్తు, ఆ తర్వాత ఇదే జెడ్‌డబ్ల్యూఎన్‌జే, దాని మీద దీర్ఘం. ఆ వరస వచ్చిన మెసేజ్ చూపించబోతే యాప్‌లు మూసుకుపోయేవి. ఐఓఎస్ 11.2.6తో సరిచేశారు. నా 120 పేర్లలో జ్ఞానేశ్వరి, యజ్ఞయ్య, ప్రజ్ఞ అందుకే ఉన్నాయి.

ఎస్సెమ్మెస్ కూడా ఈ వారమే చూశాను. ఇంగ్లిషులో ఒక మెసేజ్‌కి 160 క్యారెక్టర్లు పడతాయి, తెలుగులో 70. మేం రాసినది 92, అంటే రెండు మెసేజ్‌ల ఖర్చు. రోజుకి రెండు పూటలు, 64 మంది అంటే తేడా 128 మెసేజ్‌లు. మాటలు తగ్గించి 68కి తెచ్చాం. అయితే పేరు, అంకెలు కూడా ఆ 70లోనే పట్టాలి కాబట్టి అన్నిటికంటే పొడుగు పేరుతో కొలవండి. వాక్యం మారిస్తే డీఎల్‌టీలో (సంస్థలు పంపే ఎస్సెమ్మెస్‌లని టెలికాం కంపెనీల దగ్గర నమోదు చేసే వ్యవస్థ) టెంప్లేట్, అంటే మెసేజ్ నమూనా, మళ్లీ ఆమోదం పొందాలి. ఈ కొలత మొదట్లోనే తీసుకోండి.

ఇప్పటిదాకా: 149 గంటలు, 39 బగ్‌లు.

దశ 5: చేతి పని ఏది, యంత్రం పని ఏది (7వ వారం)

రేటు చార్టులో వెన్న 5.0 నుంచి 10.0 దాకా, 0.1కి ఒక వరస, మొత్తం 51 వరసలు. క్యాలిక్యులేటర్‌తో సరిచూడటానికి నాకు 2 గంటల 10 నిమిషాలు పట్టింది. రెండు చోట్ల తప్పు నేనే చేశాను, యాప్ సరిగ్గానే ఉంది. ఇలాంటి పని మనిషి చేయకూడదు. సరిచూసిన 51 వరసల్నీ ఫైల్‌గా డెవలపర్‌కి ఇచ్చాను. ఇప్పుడు ప్రతి బిల్డ్‌కీ ఫోన్ వైపూ సర్వర్ వైపూ అదే ఫైల్‌తో పోలుస్తుంది.

186 కేసుల్ని మళ్లీ చదివి 61 తీసేశాను. 38 కొత్తవి చేరాయి. 163లో 70 ఆటోమేషన్‌కి ఇచ్చి 93 నా దగ్గర ఉంచుకున్నాను. ఎలా విడదీశానంటే: జవాబు ముందే తెలిసి, మారనిదైతే యంత్రానికి. చూసి, పట్టుకుని, చదివి చెప్పాల్సినది నాకు. చీటీ అచ్చు చదవగలమా, ఎండలో అంకె కనపడుతుందా, తప్పు కొట్టాక వెనక్కి ఎలా వెళ్లాలో మొదటిసారి చూసే మనిషికి తెలుస్తుందా, ఇవన్నీ నావి.

కేసులు కాక, అంతకుముందు నుంచే 60 నిమిషాల సెషన్లు పెట్టుకుంటున్నాను. ఒక్కో సెషన్‌కి ఒక్క ప్రశ్న. "బిల్లు వేస్తుండగా నెట్ పోతే ఏమవుతుంది?" లాంటిది. ఏం చేశానో, ఏం అనుమానం వచ్చిందో అక్కడికక్కడే రాసుకుంటాను. జేమ్స్ బాక్, జొనాథన్ బాక్ అనే అన్నదమ్ములు 2000లో పెట్టిన సెషన్ పద్ధతి ఇది. నేను కలిపినదల్లా నోట్‌బుక్‌లో కుడి పేజీ ఖాళీగా వదలడం. మర్నాడు చదివితే తోచే ప్రశ్నలు అక్కడ రాస్తాను.

ఇప్పటిదాకా: 176 గంటలు, 163 కేసులు, 41 బగ్‌లు.

దశ 6: నేను వదిలేసినది (8, 9 వారాలు)

పేరు రెండు లైన్లలో వచ్చేలా చీటీ మార్చిన బిల్డ్ శుక్రవారం సాయంత్రం వచ్చింది. సోమవారం కేంద్రంలో పైలట్, అంటే నిజంగా వాడి చూడటం. టెన్షన్‌లో ప్రింటర్ కేసులు 9 ఉంటే 3 చేసి సరే అన్నాను. మంగళవారం ఉదయం సెక్రటరీ గారు ఫోన్ చేశారు. 18.2 లీటర్లు, 7.0 వెన్న, రావాల్సింది 1038.31. చీటీ మీద 038.31.

అచ్చులో రూపాయల మొత్తం పడే చోట 6 గళ్లే ఉన్నాయి, ఎడమ వైపు అంకె పోయింది. నేను చేసిన 3 కేసుల్లోనే కాదు, చేయని 6లో కూడా ఇది దొరికేది కాదు. నా డేటాలో ఎవరూ వెయ్యి రూపాయల పాలు పోయలేదు. అందరికీ 4, 5 లీటర్లే పెట్టాను. ఆ రైతుకి చీటీ మీద చేత్తో రాసి సంతకం పెట్టి ఇచ్చారు సెక్రటరీ బాబాయ్ గారు. బుధవారం నేను వెళ్లి ఆ చీటీ చూశాను, ఫోటో తీసి షీట్‌లో పెట్టాను.

మార్చినవి:

1. డేటాలో ఒక్కో అంకెల పొడుగుకి ఒక రైతు: 9.50, 99.50, 999.50, 1038.31, 10,000 పైన ఒకటి.
2. చీటీ ముట్టుకున్న ప్రతి బిల్డ్‌కీ 9 ప్రింటర్ కేసులూ, రెండు ఫోన్ల మీదా. పట్టేది 35 నిమిషాలు. అంత సమయం లేకపోతే రిలీజ్ ఆగుతుంది. దీనికి టీమ్ ఒప్పుకుంది.
3. పైలట్ మొదటి మూడు పూటలు నేను అక్కడే ఉంటాను.

బుధ, గురు, శుక్రవారాలు అక్కడే ఉన్నాను. ఫోన్‌లో చెప్పినదానితో కలిపి ఈ దశలో 5 బగ్‌లు. యాప్‌లో ఒక్కొక్కరికి పట్టే సమయం ఇప్పుడు 17 సెకన్లు.

మొత్తం: 210 గంటలు, 46 బగ్‌లు. 39 సరిచేశారు, 7 మిగిలాయి. దొరికిన చోటు ప్రకారం: రాసిన కేసుల నుంచి 12, సెషన్లలో 18, కేంద్రం నుంచి 16.

మిగిలిన 7లో నాకు నిద్ర పట్టనిది ఒక్కటే. బిల్లు ముద్రిస్తుండగా ప్రింటర్ చార్జింగ్ అయిపోతే, మళ్లీ పెట్టాక అదే బిల్లు రెండోసారి వస్తుందా, సగం నుంచి వస్తుందా అన్నది 5 సార్లు చేస్తే 3 సార్లు ఒకలా, 2 సార్లు ఇంకోలా ఉంది. ఆఫీసులో ఎంత ప్రయత్నించినా కారణం పట్టుకోలేకపోయాను. వానాకాలం మొదలయ్యాక కరెంటు పోయే సాయంత్రాలు అక్కడ ఎక్కువ. ఒక బిల్లు రోజు చూసుకుని వెళ్లి కూర్చోవాలి. తేదీ చెప్పమని బాబాయ్ గారికి చెప్పి వచ్చాను.